టేప్ కాలం నాటి ఎడిటర్లు ఎవరైనా ఉన్నారా? సెమినార్ కోసం చిన్న సాయం

అందరికీ నమస్కారం. నేను మాస్ కమ్యూనికేషన్ రెండో ఏడాది. సెమినార్‌కి అమెరికన్ టీవీ నిర్మాత జార్జ్ ష్లాటర్‌ని తీసుకున్నాను. వచ్చే శుక్రవారమే ప్రెజెంటేషన్, అందుకే ఈ టెన్షన్.

1968 జనవరిలో ఎన్‌బీసీ చానల్‌లో వారం వారం మొదలైన ఆయన షో ‘లాఫ్-ఇన్’ ముక్కలు చూశాను. ఒక జోకుకి నవ్వేలోపే ఇంకోటి మీద పడుతుంది. గోడలో కిటికీ తెరుచుకుంటుంది, ఎవరో ఒక మాట అని మూసేస్తారు. అమెరికా అధ్యక్ష ఎన్నికల్లో నిలబడ్డ నిక్సన్ కూడా వచ్చి ఒక్క ముక్క అనేసి పోయాడు! ఇప్పటి రీల్స్ గుర్తొచ్చాయి నాకు.

నా సందేహం ఇక్కడే. అప్పట్లో రెండంగుళాల వీడియో టేప్‌ని చేత్తో కోసి అతికించేవారట. కోత ఎక్కడ పడాలో కంటికి కనిపించదు కదా, ఎలా గుర్తుపట్టేవారు? మన దూరదర్శన్‌లోగానీ మరెక్కడైనాగానీ టేప్‌తో పనిచేసిన పెద్దవాళ్లుంటే దయచేసి చెప్పండి.

ఇంకొకటి. 1969 ఫిబ్రవరి 5న ఏబీసీ చానల్‌లో వచ్చిన ఆయన ఇంకో కామెడీ షో ‘టర్న్-ఆన్’ ఒక్క ఎపిసోడ్‌తోనే ఆగిపోయింది. క్లీవ్‌లాండ్ ఊరి టీవీ స్టేషన్ అయితే మధ్యలోనే తీసేసింది. కంప్యూటరే షో తయారుచేస్తున్నట్టు సెటప్, నవ్వుల ట్రాక్ (జోకుల వెనక వినిపించే రికార్డు నవ్వులు) లేదు. వేగం అదే, మరి జనానికి ఎందుకు ఎక్కలేదు? నవ్వులు వినపడకపోవడమే దెబ్బ కొట్టిందని నా అనుమానం. మా సార్ మాత్రం బూతు ఎక్కువైందంటారు. చూసినవాళ్లు మీకేమనిపించిందో రాయండి, రెండు లైన్లైనా చాలు.