అర్జెంట్: ఫిబ్రవరి 26న మన కువైట్ విముక్తి రోజు ప్రోగ్రాముకి హాలు ఇవ్వరంట

సాల్మియా అక్క: హాలు వాళ్లు ఇప్పుడే ఫోన్ చేశారు. గోడలకి యుద్ధం ఫొటోలు పెడతామన్నాం కదా, దానికి పర్మిషన్ కాగితం కావాలంట, ఉన్న టైములో అది ఎక్కడ తెస్తాం? స్టేజీ, భోజనాల లిస్టు పక్కన పెట్టి ముందు ఇది తేల్చండి.

ఫహాహీల్ రూమ్: ఫొటోలు తీసేద్దాం. పిల్లల డాన్సులు, భోజనం ఉంటే చాలు, జనం వచ్చేది వాటికే.

మహబూలా తమ్ముడు: అలాగైతే ఏదో ఒక శుక్రవారం పెట్టుకోవచ్చు, 26 దేనికి? 1991లో ఇరాక్ చేతుల్లోంచి కువైట్‌కి విముక్తి వచ్చిన రోజనే కదా! ఆ తర్వాత మళ్లీ వచ్చి పనిచేసిన మనోళ్లని మాట్లాడించకపోతే అసలు ప్రోగ్రామే వద్దు.

ఫహాహీల్ రూమ్: నీకేం, అడ్వాన్సు కట్టింది మా రూమువాళ్లు. ఎవడిస్తాడు తిరిగి?

కోశాధికారి: సగం వాళ్లిస్తారు, సగం నేను సర్దుతాను. దానికోసం ఇక్కడ కొట్టుకోకండి.

సోంపేట మావయ్య: ఏటర్రా ఈ గోల? నేనిక్కడ కవిటి, కంచిలి పెద్దోళ్లకి చెప్పేశాను. ఒకాయన 90లో ఇరాక్ దాడికి కువైట్ వదిలి జోర్డాన్‌లోని అమ్మాన్ మీదుగా బొంబాయి చేరినప్పటి కాగితాలు ట్రంకుపెట్టెలోంచి తీసి ఉంచాడు. అలా వదిలొచ్చినందుకు ఐక్యరాజ్యసమితి పరిహారం మనిషికి 4,000 డాలర్లు, వేరే నష్టం కూడా అడిగితే ఇది 2,500కి తగ్గేది. అది చేతికొచ్చేసరికి ఏళ్లు పట్టింది, ఈలోగా అప్పుచేసి మళ్లీ అక్కడికే వెళ్లాడు, దెబ్బతిన్న రిఫైనరీలో వెల్డింగ్ పనికి. 600 పైగా నూనె బావులు తగలబడుతున్నాయి, ఆరేసిన చొక్కా తీసేసరికి మసి, మధ్యాహ్నం లైటేసుకుని అన్నం తిన్నారంట. ఆఖరి బావి ఆర్పింది 91 నవంబర్ 6న. ఇవన్నీ డాన్సుల మధ్యలో రెండు నిమిషాల్లో చెప్పమంటారా? మా కొబ్బరితోటలో కూర్చోబెడతాను, మీరు రూముల్లోంచి వీడియోలో చూడండి.

సాల్మియా అక్క: మావయ్యా, మీకు సాయంత్రం 5:30 అంటే మాకు 3:00, సెలవు కూడా. కుదురుతుంది. పెద్ద టీవీ ఎవరికుంది?

ఫహాహీల్ రూమ్: మాకుంది. ఇరుక్కుంటే పాతికమంది పడతారు. పులిహోర మేమే కలిపేస్తాం, కేటరింగ్ మాన్పించండి.

మహబూలా తమ్ముడు: స్పీకరు నేను తెస్తానన్నా. అబ్బాసియా వాళ్లని కూడా మీ రూముకే రమ్మననా?

ఫహాహీల్ రూమ్: రమ్మను, కుర్చీలు మాత్రం తెచ్చుకోమను.

కోశాధికారి: కేటరింగ్‌కి ఇవ్వాల్సినది మిగిలింది కాబట్టి మావయ్యకి టీ, టిఫిన్ ఖర్చు పంపుతున్నాను.

సోంపేట మావయ్య: టిఫిన్ మీ అత్త చూసుకుంటుంది. ఆ డబ్బుతో జనరేటర్ మాట్లాడతాను, మాకు సాయంత్రమే కరెంటు పోతోంది.