పేరుకు అర్థం చెప్పే సైట్లను నమ్మొచ్చా? ఇంటిపేర్లు అసలు ఎలా పుట్టాయి?

ప్రశ్నార్థకం:
ఆఫీసు పని మీద రకరకాల దేశాల వాళ్ళతో మెయిళ్ళు నడుస్తుంటాయి, కొత్త పేరు కనబడితే దాని అర్థమేంటో వెతికితే గానీ నాకు తోచదు. ఈమధ్య వనెస్సా అనే పేరు కోసం చూస్తే ఒక సైట్ సీతాకోకచిలుక అంది, ఇంకోటి గ్రీకు దేవత అంది. రెండూ ఒకేంత ధీమాగా చెప్పాయి. వీళ్ళకి ఈ అర్థాలు ఎక్కడ దొరుకుతాయి? ఏది నిజమో తేల్చుకునే దారి ఉందా?

ఇంటిపేర్ల మీద కూడా ఒక డౌటు. స్మిత్ అంటే కమ్మరి కదా, అంటే ఇవాళ స్మిత్ అని ఉన్న ప్రతివాళ్ళ తాతముత్తాతలూ కమ్మరి పనే చేశారనుకోవచ్చా? కొరియాలో ఎవర్ని కదిపినా కిమ్, లీ, పార్క్ అంటారు, ఇంగ్లండ్‌లో చూస్తే వేలకు వేలు ఇంటిపేర్లు, ఎందుకింత తేడా? తెలిసినవాళ్ళు కాస్త తీరిగ్గా చెప్పండి.

పాతసిరా:
వనెస్సాతో మొదలుపెట్టడం మంచిదైంది, ఎందుకంటే ఆ సైట్ల పని ఎలా ఉంటుందో ఆ ఒక్క పేరుతోనే తెలిసిపోతుంది. ఆ పేరు ఏ ప్రాచీన భాషలోనూ లేదు. 18వ శతాబ్దం మొదట్లో, గలివర్ యాత్రలు రాసిన జొనాథన్ స్విఫ్ట్ తనకు తెలిసిన ఒకావిడ కోసం కల్పించాడు. ఆవిడ ఇంటిపేరు మొదట్లో ఉన్న 'వాన్' తీసుకుని, ఆవిడ పేరు ఎస్తర్ లోంచి 'ఎస్' తీసుకుని అతికించి తన కవితలో వాడాడు. ఆ తర్వాత ఎప్పుడో 1807లో ఫాబ్రిషియస్ అనే డెన్మార్క్ కీటక శాస్త్రజ్ఞుడు ఒక సీతాకోకచిలుకల ప్రజాతికి ఆ పేరు పెట్టాడు. అంటే మనిషి పేరు సీతాకోకచిలుకకి వెళ్ళింది. సైట్లు దాన్ని తలకిందులు చేసి కూర్చున్నాయి, ఒకళ్ళని చూసి ఒకళ్ళు కాపీ కొట్టుకోవడంతో ఇప్పుడు వంద చోట్ల అదే కనిపిస్తుంది.

ఇంకో రకం తప్పు ఉంది, అది నాకు మరీ చిరాకు. పాత జర్మానిక్ పేర్లలో చాలావాటికి వాక్యంలా అర్థం ఉండదు. రెండు ముక్కలు ఉంటాయి, తండ్రి పేరులోంచి ఒకటి, తల్లి వైపు నుంచి ఒకటి తీసుకుని కలిపేవాళ్ళు. 6వ శతాబ్దంలో ఫ్రాంకుల రాణి ఒకావిడ పేరు ఫ్రెడెగుండ్. మొదటి ముక్క శాంతి, రెండోది యుద్ధం. ఏం అర్థం చెబుతారు దీనికి? విలియం కూడా అంతే, 'సంకల్పం' అనే ముక్క, 'శిరస్త్రాణం' అనే ముక్క. సైట్లేమో 'దృఢ సంకల్పంతో కాపాడే వీరుడు' అని కథ అల్లేస్తాయి.

అలాగని పేర్లన్నిటికీ అర్థం పోయిందని కాదు. ఘనాలో అకాన్ వాళ్ళు పుట్టిన వారాన్ని బట్టి పేరు పెడతారు, కోఫీ అంటే శుక్రవారం పుట్టిన మగపిల్లాడు, వినగానే అక్కడ అందరికీ తెలుస్తుంది. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా చేసిన కోఫీ అన్నన్ 1938 ఏప్రిల్ 8న పుట్టాడు, క్యాలెండర్ తిరగేయండి, శుక్రవారమే. మరోపక్క జాన్, ఇవాన్, హువాన్, జొవాన్ని, యాహ్యా, ఐరిష్ వాళ్ళ షాన్, ఇవన్నీ 'దేవుడు దయ చూపాడు' అనే అర్థమున్న హీబ్రూ పేరు యోహానాన్ నుంచి బయల్దేరినవే. కానీ మాస్కోలో కొడుక్కి ఇవాన్ అని పెట్టే తండ్రి మనసులో హీబ్రూ వాక్యం ఏమీ ఉండదు, వాళ్ళ తాత పేరు ఉంటుంది.

తేల్చుకునే దారి అడిగారు కదా. ఆ పేరు రాతలో మొదట ఎక్కడ దొరికింది, ఏ కాలంలో, అప్పుడు ఏ రూపంలో ఉంది, ఈ వివరాలు ఇచ్చారా చూడండి. ఇవేవీ లేకుండా 'అర్థం: ధైర్యవంతుడు, అదృష్ట సంఖ్య: 7' అని ఉంటే ఆ పేజీ మూసేయండి.

రికార్డులపురుగు:
పాతసిరా గారు పేర్ల సంగతి చెప్పేశారు కాబట్టి నేను ఇంటిపేర్ల దగ్గరికొస్తా. స్మిత్ అనే వంశంలో కమ్మరి అని కచ్చితంగా చెప్పగలిగేది ఒక్కణ్ణే, ఆ పేరు అతుక్కుపోయిన రోజున ఉన్నవాణ్ణి. వాడి కొడుకు దర్జీ అయినా స్మితే. ఇంగ్లండ్‌లో 1066లో నార్మన్లు ఫ్రాన్స్ వైపు నుంచి వచ్చి గెలిచాక పెద్ద భూస్వాములతో మొదలై, మామూలు జనం దాకా ఇంటిపేరు స్థిరపడేసరికి మూడు నాలుగు వందల ఏళ్ళు పట్టింది. 1379 నాటి తలపన్ను జాబితాల్లో కొన్ని చోట్ల పేరు పక్కన వృత్తి కూడా రాశారు, అప్పటికే పేరొకటి, పని ఒకటి అయినవాళ్ళు అందులో కనబడతారు. ఫ్లెచర్ అంటే బాణాలు చేసేవాడు. తుపాకులు వచ్చి ఆ పనే పోయింది గానీ ఇంటిపేరు మాత్రం అలాగే ఉంది. కింగ్, బిషప్ అని ఉన్నవాళ్ళు రాజవంశీకులేం కాదు, వీధి నాటకంలో ఆ వేషం కట్టినవాడో, ఆ పెద్దమనిషి ఇంట్లో కొలువు చేసినవాడో, దర్పం ఒలకబోస్తుంటే ఊరివాళ్ళు వెక్కిరించినవాడో అయ్యుంటాడు.

జర్మన్ ష్మిట్, పోలిష్ కొవాల్‌స్కీ, రష్యన్ కుజ్‌నెత్సోవ్, ఇటాలియన్ ఫెరారీ, అరబిక్ హద్దాద్, అన్నిటి వెనకా ఉన్నది కొలిమే. అంతమాత్రాన వీళ్ళందరికీ చుట్టరికం ఉండదు. ప్రతి ఊళ్ళో కమ్మరి కావాలి, ఊరికి ఒకడో ఇద్దరో ఉంటారు, కాబట్టి 'కమ్మరి ఫలానా' అంటే ఎవరో తెలిసిపోయేది. ఊరంతా రైతులే ఉన్నచోట 'రైతు ఫలానా' అంటే ఏం తెలుస్తుంది?

చాలామంది గమనించనిది ఏంటంటే, సగం ప్రపంచంలో ఇంటిపేర్లు మెల్లగా పుట్టినవి కావు, ప్రభుత్వం పెట్టుకోమంటే పెట్టుకున్నవి. పన్నులకీ, సైన్యంలో చేర్చుకోవడానికీ మనుషుల్ని విడివిడిగా గుర్తుపట్టాలి మరి. జపాన్‌లో సామాన్యులందరికీ ఇంటిపేరు తప్పనిసరి అయింది 1875లో. తనకా అంటే పొలం మధ్య, యమమొతో అంటే కొండ మొదలు, ఇలా చుట్టూ కనబడేవాటితో వచ్చిన పేర్లు అక్కడ బోలెడు. థాయిలాండ్ చట్టం 1913లో వచ్చింది, అక్కడ ఒక కుటుంబం పేరు ఇంకో కుటుంబం పెట్టుకోకూడదు, అందుకే వాళ్ళ ఇంటిపేర్లు అంత పొడుగు. టర్కీలో 1934లో చట్టం చేశారు, అదే ఏడాది అధ్యక్షుడు ముస్తఫా కెమాల్‌కి పార్లమెంటు అతాతుర్క్, అంటే తుర్కుల తండ్రి, అనే ఇంటిపేరు ఇచ్చింది. అన్నిటికంటే విచిత్రం ఫిలిప్పీన్స్. 1849లో స్పానిష్ గవర్నర్ జనరల్ క్లావేరియా ఒక అక్షరక్రమ పట్టిక తయారు చేయించి, అందులోంచి ఊళ్ళకి పేర్లు పంచిపెట్టించాడు. కొన్ని ఊళ్ళకి ఒకే అక్షరం ఉన్న పేజీలు వెళ్ళాయి, దాంతో ఊరంతా ఆ అక్షరంతోనే ఇంటిపేర్లు. అక్కడ ఒకాయన ఇంటిపేరు గార్సియా అయితే స్పెయిన్ రక్తం ఉందనుకోవడం దండగ.

గాలిపటం77:
అమెరికా కథ మర్చిపోయారు బ్రో. వలస వచ్చి ఓడ దిగినవాళ్ళ పేర్లు నోరు తిరక్క, న్యూయార్క్ రేవులో వాళ్ళని తనిఖీ చేసే ఎల్లిస్ ఐలాండ్‌లో ఆఫీసర్లు ఇష్టమొచ్చినట్టు మార్చి రాసేసేవారట కదా.

రికార్డులపురుగు:
అది జనం నోళ్ళలో బలంగా నిలిచిపోయిన కథ తమ్ముడూ, నిజం కాదు. 1892లో ఎల్లిస్ ఐలాండ్ తెరిచినప్పటి నుంచీ అక్కడ గుమాస్తాలు కొత్తగా పేర్లు రాసుకోవడమంటూ లేదు, ఓడ బయల్దేరిన రేవులో తయారైన ప్రయాణికుల జాబితా ముందు పెట్టుకుని సరిచూసేవాళ్ళు. వచ్చినవాళ్ళ భాషలు తెలిసిన దుబాసీలు కూడా ఉండేవాళ్ళు. పేర్లు మారిన మాట నిజమే, కానీ ఉద్యోగం కోసమో, పక్కవాళ్ళలో కలిసిపోవడానికో తర్వాత వాళ్ళంతట వాళ్ళే మార్చుకున్నారు.

ఇలాంటిదే డచ్ వాళ్ళదీ ఒకటుంది. నెపోలియన్ 1811లో ఇంటిపేర్లు నమోదు చేయించుకోమంటే, జనం వేళాకోళానికి నాక్ట్‌గెబోరెన్, అంటే 'దిగంబరంగా పుట్టినవాడు' అని రాయించారని చెబుతారు. ఆ పేరు అసలు తండ్రి పోయాక పుట్టినవాడు అనే అర్థమున్న పాత మాట, పలుకుబడి మారి అలా తయారైంది. నవ్వు తెప్పించే కథ దొరికితే కాస్త అనుమానించండి.

లెక్కలమనిషి:
కొరియా గురించి ఎవరూ ముట్టుకోలేదు కాబట్టి నేను రాస్తా. తండ్రి నుంచి కొడుక్కి వెళ్ళే పేరు, ఒక తరంలో మగపిల్లలు లేకపోతే అక్కడితో ఆఖరు. 1873లో ఫ్రాన్సిస్ గాల్టన్ అనే ఇంగ్లీషు శాస్త్రజ్ఞుడు దీన్ని లెక్కగా అడిగాడు, మరుసటి ఏడాది వాట్సన్ అనే గణితజ్ఞుడితో కలిసి జవాబు ప్రచురించాడు. కొత్త పేర్లు పుట్టకపోతే కాలం గడిచేకొద్దీ ఉన్నవి తగ్గుతూ పోతాయి. చైనాలో ఇంటిపేర్లు వేల ఏళ్ళవి, అందుకే వాంగ్, లీ, ఝాంగ్ అంతంత మంది. కానీ కొరియాకి ఈ లెక్క ఒక్కటే చాలదు. అక్కడ చాలాకాలం సామాన్యుల్లో ఎక్కువమందికి ఇంటిపేరే లేదు, 1894లో కులభేదాలు రద్దు చేసి, 1909లో అందరూ నమోదు చేయించుకోవాలన్నాక జనం పెద్దింటి పేర్లే ఎంచుకున్నారు. పెట్టుకునే వీలుంటే ఎవరు మాత్రం చిన్నింటి పేరు పెట్టుకుంటారు! ఇప్పుడు ఐదుగురిలో ఒకరు కిమ్. అందుకే వాళ్ళు వంశం మొదలైన ఊరిని బట్టి ఏ ఊరి కిమ్ అని కూడా చూస్తారు, గిమ్హే కిమ్ వేరు, గ్యోంగ్జు కిమ్ వేరు. ఒకే పేరు, ఒకే ఊరు అయితే పెళ్ళి కుదరదనే చట్టాన్ని అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం 1997లో చెల్లదంది.

స్మిత్‌లా పది చోట్ల పుట్టిన పేర్లకి ఎదురు ఉదాహరణ సైక్స్. ఇది ఇంగ్లండ్‌లో వాగుల వల్ల వచ్చిన పేరు, వాగులు ఎన్నో ఉంటాయి కాబట్టి చాలా వంశాలు ఉండాలి. అదే ఇంటిపేరున్న జన్యు శాస్త్రజ్ఞుడు బ్రయన్ సైక్స్ 2000లో ఆ పేరున్న మగవాళ్ళ వై క్రోమోజోములు, అంటే ఇంటిపేరులాగే తండ్రి నుంచి కొడుక్కి వెళ్ళేవి, పరీక్షిస్తే దాదాపు సగం మందిలో ఒకటే రకం వచ్చింది. అంటే మూలపురుషుడు బహుశా ఒక్కడే. మిగతా సగం ఎందుకు కలవలేదంటారా, దత్తతలు ఉంటాయి, ఇంకా మీరే ఊహించుకోండి.

ప్రశ్నార్థకం:
అందరికీ థాంక్స్, ఇంత వస్తుందనుకోలేదు. ఒక్క చిన్న ప్రశ్న మిగిలింది. అసలు ఇంటిపేరే లేనివాళ్ళని మెయిల్లో ఏమని పిలవాలి?

పాతసిరా:
ఐస్‌లాండ్ వాళ్ళయితే మొదటి పేరుతోనే పిలవండి, అధ్యక్షుణ్ణయినా వాళ్ళు అలాగే పిలుస్తారు. అక్కడ అధ్యక్షురాలిగా చేసిన విగ్దీస్ ఫిన్బొగాదొత్తిర్ పేరుకి అర్థం ఫిన్బొగి కూతురు విగ్దీస్, రెండోది తండ్రి పేరే గానీ ఇంటిపేరు కాదు, అక్కడ అచ్చేసిన ఫోన్ డైరెక్టరీ కూడా మొదటి పేర్ల వరసలోనే ఉండేది. బర్మా వాళ్ళలో ముందున్న 'ఊ' మన 'గారు' లాంటిది, ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా చేసిన ఊ థాంట్ అంటే థాంట్ గారు, ఆయనకున్నది ఆ ఒక్క పేరే. హంగేరీ వాళ్ళు, చైనా వాళ్ళు ఇంటిపేరు ముందు రాస్తారు, కానీ బయటివాళ్ళకి మెయిల్ రాసేటప్పుడు కొందరు తిప్పి రాస్తారు కాబట్టి ఏ ముక్క ఏదో ఊహించకండి. ఎలా పిలవమంటారు అని ఒక లైను రాసి అడిగేయండి, ఎవరూ ఏమనుకోరు.