బినోద్ బిహారీ ముఖర్జీని ప్రకృతి దృశ్య చిత్రకారుడిగా ఎలా అర్థం చేసుకోవాలి?

ప్రశ్న: ఎర్రదిబ్బ

నేను విశాఖపట్నం దగ్గర ఒక ఉన్నత పాఠశాలలో చిత్రలేఖనం బోధిస్తున్నాను. వీలు చిక్కినప్పుడల్లా భీమిలి దారిలోని ఎర్రమట్టి దిబ్బల దగ్గరకు పిల్లలను తీసుకువెళ్ళి నీటిరంగులతో బొమ్మలు వేయిస్తుంటాను. ఎవరి కాగితం చూసినా పైన నీలాకాశం, మధ్యలో దిబ్బ, కింద కాస్త పచ్చిక, అంతకు మించి ఏమీ ఉండదు. వాళ్ళకు చూపించడానికి మంచి నమూనాల కోసం వెతుకుతుండగా, శాంతినికేతన్ చుట్టూ ఉన్న ఎర్రనేలను ఏళ్ళ తరబడి గీసిన బినోద్ బిహారీ ముఖర్జీ చిత్రాలు కంటబడ్డాయి. అప్పటి నుంచి ఆయన గురించి చదువుతున్నాను.

అయితే చదివే కొద్దీ సందేహాలు పెరుగుతున్నాయి. ఆయన పేరు ఎక్కడ వచ్చినా శాంతినికేతన్ హిందీ భవన్ గోడల మీద వేసిన మధ్యయుగ సాధుసంతుల చిత్రమే ముందుగా ప్రస్తావనకు వస్తుంది. అటువంటప్పుడు ఆయనను ప్రధానంగా ప్రకృతి దృశ్య చిత్రకారుడు అనడం సమంజసమేనా? చిన్ననాటి నుంచే చూపు సరిగా లేని మనిషి దూరాలను, మైదానాలను ఎలా గీయగలిగారు? అన్నిటికంటే ముఖ్యంగా, నాలాంటి డ్రాయింగు మాస్టారు ఆయన బోధన నుంచి నేర్చుకోదగినది ఏమిటి? తెలిసినవారు వివరించగలరు.

సమాధానం 1: తాటితోపు

మాస్టారికి నమస్కారం. మీ మొదటి ప్రశ్నకు జవాబు ఆయన పెరిగిన తీరులోనే ఉన్నది కనుక కొంత వెనక్కి వెళ్ళి చెబుతాను.

1904 ఫిబ్రవరి 7న కలకత్తా శివారు బెహాలాలో పుట్టిన బినోద్ బిహారీకి ఒక కన్ను చిన్నతనం నుంచే పనిచేయలేదు. రెండవ కంటికి తీవ్రమైన హ్రస్వదృష్టి, అంటే దూరపువి స్పష్టంగా కనిపించని లోపం. ఆ కారణంగా మామూలు బడిచదువు సాగలేదు. 1917లో శాంతినికేతన్ ఆశ్రమ పాఠశాలలో చేరి, 1919లో రవీంద్రనాథ్ ఠాగూర్ అక్కడే కళాభవన్ అనే చిత్రకళా పాఠశాలను ప్రారంభించినప్పుడు దాని తొలి విద్యార్థులలో ఒకరయ్యారు. ఇంత తక్కువ చూపున్న కుర్రవాడికి చిత్రకళ నేర్పడం సబబేనా అని కళాభవన్ గురువు నందలాల్ బోస్ సందేహించినప్పుడు, శ్రద్ధగా కూర్చుని పని చేసుకుంటున్నంత కాలం అతనిని అతని దారిన వదిలేయమని ఠాగూర్ సలహా ఇచ్చినట్టు ఆయన జీవితకథలో వస్తుంది. 1925లో ఆయన అక్కడే అధ్యాపకుడయ్యారు, గ్రంథాలయం బాధ్యత కూడా చూశారు.

ఆ రోజులలో బెంగాల్ చిత్రకారులలో చాలామంది పురాణ గాథలనూ చారిత్రక ఘట్టాలనూ పలుచని రంగుల పొగమంచులో ముంచి గీస్తుండేవారు. బినోద్ బిహారీ మాత్రం దాదాపు మొదటి నుంచీ తన కళ్ళెదుట ఉన్న బీర్భూమ్ (శాంతినికేతన్ ఉన్న జిల్లా) నేలనే ఎంచుకున్నారు. వానలకు కోసుకుపోయిన ఎర్రని మట్టి, దానిని అక్కడివారు ఖొవాయి అంటారు, ఆ మట్టి మధ్య ఒంటరిగా నిలిచిన తాటిచెట్లు, సాల వృక్షాలు, ఎండిన పొదలు, ఎక్కడో ఒక మనిషి లేదా ఒక పశువు. అందులో పండుగ లేదు, కథ లేదు. నందలాల్ చిత్రాలలో అక్కడి గిరిజనులైన సంతాలుల జీవితంలోని కళకళ కనిపిస్తుంది, సహాధ్యాయి రామ్‌కింకర్ బైజ్ పనిలో పొంగిపొర్లే శక్తి కనిపిస్తుంది. ఈయన దగ్గర ఉన్నదల్లా ఏకాంతం. ఆ ఏకాంతంలో దుఃఖం కూడా లేకపోవడం నన్ను మరింత ఆకర్షిస్తుంది. 1932లో వేసిన ఒక టెంపెరా (గుడ్డుసొన వంటి జిగురుతో కలిపిన రంగుల) చిత్రంలో, చెట్లంటే ప్రాణమిచ్చే తేజేశ్ చంద్ర సేన్ అనే ఆశ్రమ ఉపాధ్యాయుడిని చూపించారు. అది చూస్తే మనిషి రూపచిత్రమూ ప్రకృతి దృశ్యమూ ఆయనకు వేర్వేరు పద్దులు కావని తెలుస్తుంది.

మీ పిల్లలకు పనికివచ్చే విషయం మరొకటి ఉన్నది. 1920ల నుంచే ఆయన అడ్డంగా సాగే పొడవాటి కాగితపు చుట్టల మీద దృశ్యాలు గీశారు. మన చేర్యాల నకాషీ పటం కూడా చుట్టే, కానీ అది పై నుంచి కిందికి విప్పుకునేది, అడ్డగీతలతో గళ్ళుగా విడగొట్టినది, కథ చెప్పేవారి పాటతో కలిసి నడిచేది. బినోద్ బిహారీ చుట్టలో గళ్ళు లేవు, కథా లేదు. ఒక చేత్తో విప్పుతూ మరొక చేత్తో చుట్టుకుంటూ పోతే, చెట్ల గుంపు పలుచబడి మైదానం అవుతుంది, మైదానం కోసుకుపోయి వంక అవుతుంది, మళ్ళీ ఎక్కడో చెట్లు మొదలవుతాయి. అంతటినీ ఒక్క చూపులో చూసే అవకాశం చూపరికి ఇవ్వరు. మీ విద్యార్థుల బొమ్మలలో ఆకాశం, దిబ్బ, పచ్చిక మూడు పట్టీలుగా మిగిలిపోవడానికి కారణం వాళ్ళు ఒకే చోట నిలబడి చూడటమే అని నా అనుమానం.

సమాధానం 2: సున్నపుగోడ

పై సమాధానానికి కొనసాగింపుగా కుడ్యచిత్రాల సంగతి చెబుతాను. ఆయనను ప్రకృతి చిత్రకారుడా, కుడ్య చిత్రకారుడా అని విడదీసి అడిగితే సరైన జవాబు దొరకదు. ఎందుకంటే ఆ గోడలు కూడా ప్రకృతి దృశ్యాలే.

1937, 38 సంవత్సరాలలో ఆయన జపాన్ వెళ్ళి అక్కడి పాత చిత్రకళను, ముఖ్యంగా సోతాత్సు వంటి పాత జపాన్ చిత్రకారుల పనిని దగ్గరగా పరిశీలించారు. తిరిగి వచ్చిన తరువాత 1940లో కళాభవన్ విద్యార్థుల వసతి గృహంలో పైకప్పు లోపలివైపున బీర్భూమ్ పల్లెను చిత్రించారు. నడుమ ఒక చెరువు, దాని చుట్టూ ఇళ్ళు, చెట్లు, పశువులు, పనిపాటలలో ఉన్న జనం. పైకప్పు కనుక దానికి పైదిక్కు, కిందిదిక్కు అనేవి ఉండవు. గదిలో ఏ మూల నిలబడితే ఆ మూలకు తగినట్టుగా పల్లె తిరిగి కూర్చుంటుంది. ఒకే చోటు నుంచి, ఒకే కంటితో చూసినట్టు గీసే ఐరోపా పరిప్రేక్ష్యం ఇక్కడ అసలు పనిచేయదు. 1942లో శాంతినికేతన్‌లోని చైనా అధ్యయన కేంద్రం చీనా భవన్‌లో ఆశ్రమ జీవితాన్ని చిత్రించినప్పుడూ ఇదే ధోరణి.

1946, 47లలో హిందీ భవన్ లోపల మూడు గోడల పైభాగాన వేసినది ఆయన చిత్రాలలోకెల్లా పెద్దది. అప్పట్లో హిందీ భవన్‌ను నడుపుతున్న హజారీ ప్రసాద్ ద్వివేదీ భక్తి సాహిత్యంలో మహాపండితులు. ఆ సాంగత్యం ఈ వస్తువు ఎంపికకు తోడ్పడింది. రామానుజులు, కబీరు, సూరదాసు, తులసీదాసు, గురు గోవింద సింగ్ మొదలైనవారు అందులో ఉన్నారు. పేర్లు వింటే పటాలు కట్టిన దేవుడి గదిలా ఉంటుందేమో అనిపిస్తుంది గానీ, గోడ ముందు నిలబడితే కనిపించేది పర్వతాల నుంచి దిగి ఊళ్ళ గుండా, స్నానఘట్టాల గుండా సాగే ఒక ప్రవాహం. నది నడిచినట్టే జనం నడుస్తారు. ఆ జనంలో నుంచి ఒక్కొక్క సాధువు పైకి లేచి మళ్ళీ జనంలో కలిసిపోతాడు. ఖొవాయి చుట్టలలో చెట్లు చేసిన పనినే ఇక్కడ మనుషులు చేస్తున్నారు.

పని విధానం గురించి కూడా చెప్పాలి. ఇది తడి ఫ్రెస్కో. ఆ రోజు వేయగలిగినంత మేరకే గోడకు సున్నపు పూత పూసి, అది ఆరకముందే నీటిలో కలిపిన రంగు వేయాలి. సున్నం గాలితో కలిసి గట్టిపడేటప్పుడు రంగు అందులోనే బిగుసుకుపోతుంది. తప్పు జరిగితే దిద్దే వీలు ఉండదు, పూతను చెక్కివేసి మళ్ళీ మొదలుపెట్టాలి. సాధారణంగా ఇలాంటి పనికి ముందుగా గోడంత నమూనా కాగితం మీద గీసి, దానిని గోడకు దించుకుంటారు. బినోద్ బిహారీ అటువంటి నమూనా లేకుండానే, చిన్న చిన్న చిత్తు గీతల ఆధారంతో, సరాసరి గోడ మీద పని చేశారు. సహాయకులలో ఆయన భార్య లీలా, విద్యార్థి కె.జి. సుబ్రమణ్యన్ ఉన్నారు.

సమాధానం 3: మసిబొగ్గు

పై ఇద్దరితోనూ చాలావరకు ఏకీభవిస్తాను. కానీ మాస్టారు అడిగిన రెండవ ప్రశ్నకు, అంటే చూపు సంగతికి, ఎవరూ నేరుగా జవాబు చెప్పలేదు కనుక కొంత జోక్యం చేసుకుంటున్నాను.

చూపు తక్కువ కాబట్టి దగ్గరగా వంగి గీశారు, దగ్గరగా గీశారు కాబట్టి చుట్టలు ఎంచుకున్నారు, చుట్టలు గీశారు కాబట్టి గోడలు అలా వచ్చాయి అని ఒక వాదన తరచుగా వినిపిస్తుంది. వినడానికి బాగానే ఉంటుంది గానీ, ఒక చిత్రకారుడి ఆలోచననంతటినీ వైద్యుడి చీటీలోకి కుదించడం నాకు సమ్మతం కాదు. చైనాలోనూ జపాన్‌లోనూ చక్కని చూపున్న వందలమంది శతాబ్దాలుగా చుట్టల మీద కొండలూ నదులూ గీశారు. ఆ సంప్రదాయాన్ని బినోద్ బిహారీ కళాభవన్ గ్రంథాలయంలోని పుస్తకాలలో చదివి, నందలాల్ వద్ద విని, తరువాత జపాన్‌కు వెళ్ళి స్వయంగా చూసి, తెలిసి ఎంచుకున్నారు. 1920లలో కళాచరిత్రకారిణి స్టెల్లా క్రామ్రిష్ శాంతినికేతన్‌లో ఇచ్చిన ఉపన్యాసాల వల్ల ఐరోపా కళలో వస్తున్న కొత్త పోకడలు కూడా అక్కడి విద్యార్థులకు తెలుసు. ఇన్ని దారులు ఎదురుగా ఉన్నప్పుడు ఒక దారిని పట్టుకోవడం వివేచనతో చేసిన పని.

చూపు ప్రభావం ఎక్కడైనా ఉంటే అది వివరాలను వదిలివేయడంలో ఉండవచ్చు. ఆయన తాటిచెట్టు మీద ఆకులు లెక్కపెట్టలేము. చెట్టు నిలుచున్న తీరు, దాని బరువు, పక్క చెట్టుకూ దీనికీ మధ్య ఎంత ఖాళీ ఉన్నదీ, ఇవి మాత్రం కచ్చితంగా ఉంటాయి. అయినా ఇది కూడా సిరా, కుంచె సంప్రదాయంలో ఉన్న పొదుపే.

ఎర్రదిబ్బ (ప్రశ్న అడిగినవారు)

ముగ్గురికీ కృతజ్ఞతలు. మసిబొగ్గు గారి హెచ్చరిక విలువైనది. తరగతిలో ఈయన గురించి చెప్పేటప్పుడు అంధత్వం కథే ముందుకు వస్తే పిల్లలు బొమ్మలు చూడటం మాని జాలిపడతారేమో అన్న భయం నాకూ ఉన్నది. బోధన గురించి, పూర్తిగా చూపు పోయిన తరువాతి కాలం గురించి ఎవరైనా చెప్పగలరా?

సమాధానం 4: తాటితోపు

ఆయన ఉద్యోగ జీవితం ఒకే చోట సాగలేదు. 1940ల చివరలో శాంతినికేతన్ విడిచి నేపాల్ ప్రభుత్వ మ్యూజియం నిర్వాహకుడిగా కాఠ్‌మాండూ వెళ్ళారు. ఆ తరువాత రాజస్థాన్‌లోని బనస్థలి విద్యాపీఠ్‌లో బోధించారు. 1952 ప్రాంతంలో లీలాతో కలిసి ముస్సోరీలో చిత్రకళా శిక్షణ కేంద్రం నడిపారు. ఆ పిమ్మట కొంతకాలం పాట్నాలో ఉన్నారు. 1956లో కంటికి జరిగిన శస్త్రచికిత్స విఫలమై ఉన్న కాస్త చూపూ పోయింది. అప్పటికి ఆయన వయస్సు 52 ఏళ్ళు.

1958లో తిరిగి కళాభవన్‌కు వచ్చి కళాచరిత్ర, కళాసిద్ధాంతం బోధించారు. చూడలేని చిత్రాల గురించి చూడగలిగిన విద్యార్థులకు చెప్పడం ఎలా సాధ్యమైందని అడిగితే, గ్రంథాలయంలో గడిపిన సంవత్సరాలే జవాబు. అజంతా మొదలు జపాన్ తెరల వరకు ఆయనకు కంఠస్థం. పైగా కళాభవన్‌లో నందలాల్ అలవాటు చేసిన పద్ధతి, గురువు చేతిగీతను శిష్యుడు అనుకరించే పద్ధతి కాదు; బయటకు వెళ్ళి చూడటం, చిన్న చీటీల మీద గీసుకోవడం, గురువుతో కూర్చుని చర్చించడం. చర్చకు కళ్ళు అవసరం లేదు కదా.

చేతిపని కూడా ఆగలేదు. తడిమి మడిచి కత్తిరించిన కాగితాలతో బొమ్మలు కూర్చారు, మైనంతో చిన్న విగ్రహాలు చేశారు, స్కెచ్ పెన్నుతో గీశారు. 1972లో కళాభవన్ ఆవరణలో పింగాణీ పలకలతో ఒక కుడ్యచిత్రం పూర్తి చేశారు. 1940లలో కళాభవన్‌లో ఆయన విద్యార్థిగా ఉన్న సత్యజిత్ రాయ్ అదే సంవత్సరం ఆయనపై తీసిన ‘ది ఇన్నర్ ఐ’ అనే లఘుచిత్రంలో ఈ పనిని చూడవచ్చు. 1974లో పద్మవిభూషణ్ వచ్చింది. 1980 నవంబరు 11న మరణించారు. శిల్పి మృణాళినీ ముఖర్జీ ఆయన కుమార్తె.

శిష్యపరంపర విషయంలో మనకు ఆసక్తి కలిగించే సంగతి ఒకటి ఉన్నది. హిందీ భవన్ గోడ దగ్గర పనిచేసిన కె.జి. సుబ్రమణ్యన్ తరువాత బరోడాలో ఆచార్యుడయ్యారు. 1960లలో అక్కడ ఆయన వద్ద కుడ్యచిత్రకళ నేర్చుకున్నవారిలో మెదక్ జిల్లా నిజాంపూర్‌కు చెందిన కె. లక్ష్మాగౌడ్ ఒకరు. లక్ష్మాగౌడ్ తెలంగాణ పల్లెను గీసిన తీరు బినోద్ బిహారీ తీరుకు ఏమాత్రం దగ్గర కాదు. అయినా పుట్టిన ఊరి మట్టిని చిత్రవస్తువుగా తీసుకోవడానికి సంకోచించని ఆ స్థైర్యంలో శాంతినికేతన్ పాఠశాల జాడ నాకు కనిపిస్తుంది. ఇక కొండపల్లి శేషగిరిరావు నేరుగా శాంతినికేతన్ వెళ్ళి నందలాల్ వద్ద నేర్చుకుని, హైదరాబాదులో చిత్రకళ బోధిస్తూ, ఇక్కడి రాతిగుట్టలను గీశారు.

సమాధానం 5: సున్నపుగోడ

మాస్టారూ, తరగతి కోసం ఒక సూచన. నాలుగైదు డ్రాయింగు కాగితాలను అడ్డంగా అంటించి పొడవాటి పట్టీ చేయండి. ఒక్కొక్క పట్టీకి ముగ్గురు నలుగురు పిల్లలను పెట్టి, దిబ్బల మధ్య వంక వెంబడి నడుస్తూ, ఆగిన చోటల్లా కొంత కొంత గీయమనండి. పెన్సిలు ఇవ్వకండి, కుంచెతోనే మొదలుపెట్టమనండి. లేకపోతే ముందు ఆకాశానికి గీత గీసి కూర్చుంటారు. ఎర్ర కాషాయం, నలుపు, ఒక ఆకుపచ్చ, ఈ మూడు రంగులు చాలు. అయితే వంకల అంచులు మెత్తటి ఇసుక, తేలికగా జారిపోతాయి; పైగా అది రక్షిత స్థలం కనుక పిల్లలను అంచుల మీదికి ఎక్కనివ్వకుండా అడుగు భాగంలోనే నడిపించడం మంచిది.

ఎర్రదిబ్బ (ప్రశ్న అడిగినవారు)

తప్పకుండా చేయిస్తాను. పట్టీలు తయారయ్యాక ఫొటోలు ఇక్కడే పెడతాను. మసిబొగ్గు గారు మొహమాటం లేకుండా విమర్శించాలని కోరుతున్నాను.