కార్నితాస్: ప్రెషర్ కుక్కర్ చాలదా, పంది కొవ్వులోనే ఉడకాలా?

టెక్సస్_తమ్ముడు
ఈ మాటంటే కొందరికి కోపం వస్తుందని తెలుసు, అయినా అనేస్తున్నా. ఇంట్లో కార్నితాస్ (మెక్సికోవాళ్లు కొవ్వులో ఉడికించి వేపే పంది మాంసం) చేసుకోవడానికి కిలోల లెక్కన పంది కొవ్వు కరిగించి, అందులో మాంసాన్ని గంటల తరబడి ఉడికించడం వట్టి హంగామా. పంది భుజం ముక్కలు, ఉప్పు, వెల్లుల్లి, జీలకర్ర, ఒరెగానో, కాస్త నారింజ రసం కుక్కర్లో పడేసి 40 నిమిషాలు ఉంచితే ఫోర్కు తగలగానే పీచులుగా విడిపోతుంది. టోర్టియాలో, అంటే వాళ్ల పల్చటి రొట్టెలో పెట్టి పైన ఉల్లి, కొత్తిమీర, నిమ్మకాయ. తిన్నవాళ్లెవరూ "కొవ్వేదీ?" అని అడగలేదు.

మా ఆఫీసులో మెక్సికోలోని మిచోవకాన్ రాష్ట్రం ఆయన ఒకరున్నారు. కార్నితాస్ వాళ్ల సొత్తే అంటాడు. నా వంట సంగతి విని "అది కార్నితాస్ కాదు, ఉడకబెట్టిన పంది" అని ఒక్క ముక్కలో తేల్చేశాడు. మాంసం మెత్తబడటానికి కావలసింది వేడి, తేమ, టైమ్. కొవ్వు ముక్క లోపలికి ఇంకేది లేదు కదా, మరి తేడా ఎక్కడొస్తుంది? "మా తాతల నాటి పద్ధతి" లాంటి కబుర్లు వద్దు. కారణాలు చెప్పండి.

మూకుడు_మేష్టారు
తమ్ముడూ, కారణాలే చెప్తా. కొవ్వు లోపలికి ఇంకదన్నావు, ఒప్పుకున్నా. మెత్తబడే విషయంలోనూ నీదే పైచేయి. భుజం మాంసంలో కండని పట్టి ఉంచే కొలాజెన్ అనే గట్టి పదార్థం ఎక్కువ. అది 70 డిగ్రీల సెల్సియస్ దాటాక మెల్లగా కరగడం మొదలై, ముక్క లోపలి వేడి 90-95కి వచ్చేసరికి పీచు వదిలేస్తుంది. కుక్కర్లో 15 పౌండ్ల ప్రెషర్ దగ్గర వేడి 121 దాకా పోతుంది కాబట్టి గంటల పని నిమిషాల్లో తెమిలిపోతుంది.

కానీ మెత్తదనం సగం సంగతే. మూత బిగించాక కుక్కర్లోని నీరు ఎక్కడికీ పోదు. తడి ఉన్నంతసేపు ముక్క ఎర్రబడదు. కొవ్వులో వేసిన ముక్కని దగ్గరగా చూడు, చుట్టూ సన్నగా బుడగలు లేస్తుంటాయి. అది మాంసంలోని నీరు ఆవిరై పోవడం. బుడగలు పలచబడుతున్నకొద్దీ అంచులు గోధుమరంగుకి తిరుగుతాయి, మూలలు ముదురు ఎరుపవుతాయి, తోలు మాత్రం లోపల జిగటగానే ఉంటుంది. కుక్కర్లో అయితే రుచంతా అడుగున పులుసులోకి దిగిపోతుంది. దాన్ని నువ్వు సింకులో పోస్తావు. మిగిలిన పీచు తింటావు.

మిచోవకాన్‌లో కిరోగా అనే ఊరుంది, కార్నితాస్‌కి పేరు మోసింది. అక్కడ పెద్ద రాగి గుండిగల్లో కొవ్వు కాచి పందిలో పనికొచ్చే భాగాలన్నీ వేస్తారు. కండ, పక్కటెముకలు, తోలు, పొట్ట, చెవులు. ఆ రాగి గుండిగలకి పేరు పడ్డ ఊరు సాంతా క్లారా దెల్ కోబ్రే, అదీ ఆ రాష్ట్రంలోనే. రాగి వేడిని అంతటా సమంగా పంచుతుంది కాబట్టి అడుగు మాడకుండా నెమ్మదిగా ఉడుకుతుంది. కొనేవాడు "కండ కావాలి" అనో "అన్నీ కలిపి పెట్టు" అనో చెప్తే, ముక్క తీసి చెక్క మొద్దు మీద కత్తితో టకటకా నరికి తూకమేసి ఇస్తారు. రెండు ఫోర్కులు పట్టుకుని పీకేవాళ్లు కనపడరు. మీ ఆఫీసాయన చెప్పింది ఇదే అయ్యుంటుంది.

కుక్కర్_వనిత
మేష్టారూ, పులుసు సింకులో పోస్తామని మీకెవరు చెప్పారండీ?

నా పద్ధతి ఇది. ముక్కలు కాస్త పెద్దవిగా, రెండంగుళాల సైజులో కోస్తాను. ఎలక్ట్రిక్ కుక్కర్లో ఒక కప్పుకి మించి ద్రవం పొయ్యను, మాంసం ఎలాగూ నీరు వదులుతుంది. దిగాక ముక్కలు తీసి ట్రేలో పరుస్తాను. మిగిలిన పులుసుని గిన్నెలో మరిగించి, పాకంలా చిక్కబడ్డాక సగం ముక్కల మీద పోసి, అవెన్‌లో పైసెగ కింద ఐదారు నిమిషాలు పెడతాను. అంచులు కరకరలాడాక మిగతా సగం పోస్తాను. మీరు చెప్పిన ఎర్రదనం వచ్చింది, రుచీ ఎక్కడికీ పోలేదు.

ఇక మీరు అపార్ట్‌మెంట్‌లో రెండు లీటర్ల కొవ్వు కాచి చూడండి. ముందు స్మోక్ అలారం మోగుతుంది, తర్వాత పక్కింటివాళ్లు తలుపు కొడతారు. దుప్పట్లకి పట్టిన వాసన ఓ పట్టాన వదలదు. అయ్యాక ఆ కొవ్వంతా ఎక్కడ పోస్తారు? సింకులో పోస్తే గడ్డకట్టి పైపు పూడిపోతుంది.

శాన్ఆంటోనియో_పాతకాపు
కొవ్వు పారబోసే వస్తువు కాదమ్మా. అడుగున పడ్డ మడ్డి రాకుండా వడకట్టి సీసాలో పోసి ఫ్రిజ్‌లో పెట్టుకుంటే చాలాకాలం ఉంటుంది. ఉడికించిన బీన్స్‌ని ఆ కొవ్వులో వేసి మెదిపి వేయించు, హోటల్ బీన్స్ దాని ముందు దిగదుడుపే. తమాలె (మొక్కజొన్న పిండిని పొట్టులో చుట్టి ఆవిరి మీద ఉడికించేది) పిండిలోకీ అదే.

అసలు ఇబ్బంది కొవ్వు కొనే దగ్గర వస్తోంది. సూపర్‌మార్కెట్ షెల్ఫు మీద తెల్లగా రాయిలా ఉండే డబ్బా చాలావరకు హైడ్రోజనేట్ చేసిన సరుకు, దానికి రుచీ వాసనా ఉండవు. మెక్సికన్ మాంసం కొట్టుకి పోయి, వాళ్లు అక్కడే కాచిన లేత గోధుమరంగు కొవ్వు అడగండి. ఆ రంగే రుచి. తెల్ల డబ్బాతో చేసి "కొవ్వుకీ కుక్కర్‌కీ తేడా లేదు" అనేవాళ్లని చాలామందిని చూశా.

టెక్సస్_తమ్ముడు
అయితే మధ్యేమార్గం. కుక్కర్లోనే నీళ్లకి బదులు ఆ గోధుమరంగు కొవ్వు పోస్తే? కొవ్వు రుచీ వస్తుంది, టైమూ మిగులుతుంది.

శాన్ఆంటోనియో_పాతకాపు
ఆ పని మాత్రం చెయ్యకు బాబూ. ఇంటి కుక్కర్ పనిచేసేది నీటి ఆవిరి మీద. కొవ్వు 121 దగ్గర ఆగదు, ఇంకా ఇంకా వేడెక్కుతూ పోతుంది. రబ్బరు గ్యాస్కెట్ అంత వేడికి తయారు చేసింది కాదు. వాల్వులోంచి సలసల కాగే కొవ్వు చిమ్మితే ఒళ్లు కాలుతుంది. ప్రెషర్‌లో వేపే యంత్రాలు వేరే ఉంటాయి, హోటళ్లవాళ్లకి. ఇంట్లో దానితో ఆటలొద్దు.

మామూలు మూకుడులో కొవ్వు కాచేవాళ్లకీ ఒక మాట. నారింజ రసం, పాలు, కోకాకోలా, ఏది పోసినా సెగ బాగా తగ్గించి, గిన్నెలో సగానికి పైగా ఖాళీ ఉంచి పొయ్యండి. కాగే కొవ్వులో తడి పడితే ఒక్కసారిగా పొంగుతుంది.

గుంటూరు_ఘాటు
కోకాకోలానా?? పందిలోనా??

శాన్ఆంటోనియో_పాతకాపు
అవును, మెక్సికోలోనే వేస్తారు. దాంట్లో పంచదార ముక్కకి రంగు తెస్తుంది. కొందరు కండెన్స్‌డ్ మిల్క్ కూడా వేస్తారు. "అసలైన పద్ధతి" అని గుండెలు బాదుకునేవాళ్లు ఇది విని కాసేపు నీళ్లు తాగాలి.

నెల్లూరు_వంటిల్లు
మీరందరూ కుక్కర్, కొవ్వు అని రెండు పార్టీలు కట్టారు గానీ, మాంసం ఇగరబెట్టి వేపడం మనకి రాదా ఏంటి? ముదురు మేకమాంసం వేపుడు చేసేటప్పుడు ఏం చేస్తాం? ఉప్పు, పసుపు వేసి ముక్క మునిగేలా నీళ్లు పోసి ఉడికించి, నీరు ఇగిరాక దాని కొవ్వులోనే వేపుతాం.

కార్నితాస్‌కి కూడా ఇంటి పద్ధతి అదే ఉంది. బ్రిటన్‌లో పుట్టి, మెక్సికో వంటల మీద జీవితమంతా పనిచేసి, మిచోవకాన్‌లోనే ఇల్లు కట్టుకుని 2022లో పోయిన డయానా కెనడీ ఇంట్లో వండుకునేవాళ్లకి చెప్పింది ఇదే. మూత లేదు, విడిగా కొవ్వు లేదు.

కిలోన్నర భుజం, కొవ్వు తియ్యకుండా రెండంగుళాల ముక్కలు. 20 గ్రాముల ఉప్పు. వెడల్పాటి మందపాటి గిన్నెలో ముక్కలు సర్ది, అవి మునిగీ మునగనట్టు నీళ్లు. మూత పెట్టకుండా చిన్న మంట మీద వదిలేస్తే దాదాపు రెండు గంటలకి నీరంతా ఇగురుతుంది. అప్పుడు చప్పుడు మారుతుంది. కుతకుత ఆగి చిటపట మొదలవుతుంది. అడుగున కరిగిన కొవ్వు తేటగా నిలుస్తుంది. అక్కడి నుంచి అరగంట గిన్నె దగ్గరే ఉండి, ముక్క చిదరకుండా అప్పుడప్పుడు తిప్పుతూ ఎర్రగా వేపడమే. గరిటెతో ఊరికే కెలికారా, పీచు రాలి అడుగున మాడుతుంది.

రుచి ఎక్కడికీ పోలేదు, నీరు మాత్రమే పోయింది. స్మోక్ అలారం కూడా మోగదు వనితక్కా. ఎగ్జాస్ట్ ఫ్యాన్ వెయ్యండి చాలు.

కుక్కర్_వనిత
ఇది బాగుంది, కాదనను. కానీ రెండున్నర గంటలు స్టవ్వు కనిపెట్టుకుని ఉండాలి. ఆఫీసు నుంచి వచ్చి పిల్లల హోంవర్కు చూస్తూ చేసేది కాదిది. మామూలు రోజుల్లో నా కుక్కరే నాకు దిక్కు. మీ ఇగురు ఆదివారానికి.

గుంటూరు_ఘాటు
ఇంతసేపు చదివా, ఒక్కరూ కారం ఊసెత్తలేదు. నేను చిపోట్లే (పొగబెట్టి ఎండబెట్టిన) మిరపకాయలు, టమాటా, ఉల్లిపాయ వేసి కుక్కర్లో పెడతా. పీచు పీచుగా, పుల్లగా, కారంగా, పొగ వాసనతో అదిరిపోతుంది. ఉత్తి ఉప్పు వేసిన పంది ఎవడు తింటాడండీ?

మూకుడు_మేష్టారు
ఘాటు గారూ, మీరు చేస్తున్నది ప్వెబ్లా ఊరి తింగా. టమాటా, చిపోట్లే, ఉల్లిపాయలతో పీచుగా విడదీసి చేసే వంట. ఈ మధ్య ఎక్కువగా కోడితో చేస్తున్నారు గానీ పందితో చెయ్యడం పాత పద్ధతే. దానికి కుక్కర్ చక్కగా సరిపోతుంది, ఎందుకంటే పీచు పులుసు పీల్చుకోవాలి, ఎర్రబడక్కర్లేదు. కార్నితాస్‌లో కారం గిన్నెలోకి పోదు, పక్కన పెట్టే సల్సాలో, అంటే వాళ్ల పచ్చడిలో ఉంటుంది. నోట్లో పెట్టుకునేటప్పుడు ఎంత కావాలంటే అంత.

నెట్‌లో "మెక్సికన్ పుల్డ్ పోర్క్" (పీచుగా విడదీసిన పంది) పేరుతో తిరిగే వంటల్లో సగం ఈ రెంటినీ కలిపేసినవే. గొడవ అక్కడే మొదలవుతోంది.

చరిత్ర_పిచ్చోడు
అసలూ నకిలీ అని కొట్టుకునే ముందు ఒక్క సంగతి. 16వ శతాబ్దంలో స్పెయిన్‌వాళ్లు దిగేదాకా మెక్సికోలో పెంపుడు పందే లేదు. పంది లేదు, పంది కొవ్వూ లేదు, నారింజా లేదు. వాళ్ల "సంప్రదాయం" వలసొచ్చిందే. మన మిరపకాయ లాగే.

మూకుడు_మేష్టారు
మిరపకాయ వాదన ఎక్కడ వంటల చర్చ జరిగినా వస్తుంది, ఇక్కడ ఇంకా రాలేదేమిటా అని చూస్తున్నా. పంది ఎప్పుడొచ్చిందో వేరే సంగతి. ఎలా ఉడికిస్తే ముక్క ఎలా వస్తుందన్నది పొయ్యి చెప్తుంది, చరిత్ర కాదు.

రంప_కుర్రాడు
కార్నితాస్ తప్ప మెక్సికోలో పంది వంటే లేనట్టు మాట్లాడుతున్నారు. యుకటాన్ వైపు కొచినీతా పిబీల్ చేస్తారు. మాయా జనం నేల తవ్వి, రాళ్లు కాల్చి, ఆకుల్లో చుట్టిన మాంసాన్ని పూడ్చి వండే పద్ధతి. మసాలాలో ముఖ్యమైనది అచియోటె గింజలు. అవి మన జాఫ్రా గింజలేనండీ, మా రంపచోడవరం వైపు ఏజెన్సీలో పండిస్తారు. గింజలు ఇనుప గుండ్లలా గట్టిగా ఉంటాయి, రాత్రంతా నానబెట్టకపోతే మిక్సీ బ్లేడు అరిగిపోవాల్సిందే. జాఫ్రా, వెల్లుల్లి, మిరియాలు, ఒరెగానో, పుల్ల నారింజ రసం కలిపి నూరి, ముక్కలకి పట్టించి రాత్రికి ఉంచాలి. ఆ నారింజ దొరక్కపోతే మామూలు నారింజ రసంలో నిమ్మరసం కలిపితే సరి. అరటాకు చిరగకుండా సెగ చూపించి, పొట్లం కట్టి పెట్టాలి.

దీనికి వేపుడు లేదు, ఎర్రబడటం లేదు, మూత తీసే పనే లేదు. గోతిలో ఆవిరి బంధిస్తారు, కుక్కర్ చేసేదీ అదే. పొగ, మట్టి వాసన రావు, అంతే. కాబట్టి కుక్కర్ పార్టీవాళ్లు కార్నితాస్ మీద పడి కొట్టుకోకుండా కొచినీతా చేసుకుంటే పరువూ దక్కుతుంది, కడుపూ నిండుతుంది. పైన ఎర్ర ఉల్లిపాయ ముక్కలు నిమ్మరసంలో ఊరేసి, హబనేరో మిరపకాయ తగిలించండి. ఘాటు గారి కోరికా తీరుతుంది.

హైదరాబాద్_సండే
ఇక్కడ భుజం అని అడిగితే కొట్టువాడు కలగలుపు ముక్కలు ఇస్తాడు. సీమపంది అమ్మే కొట్టు దొరికింది. కానీ పురుగుల భయం ఉంది ఇంట్లో. ఎంత ఉడికించాలి? ఎన్ని విజిల్స్?

శాన్ఆంటోనియో_పాతకాపు
భయం ఊరికే రాలేదు, పంది నుంచి వచ్చే బద్దెపురుగు సమస్య మెక్సికోలోనూ ఉంది, మనకీ ఉంది. అయితే అమెరికా వ్యవసాయ శాఖ పెద్ద ముక్కలకి చెప్పే లెక్క 63 డిగ్రీలు, ఆపైన మూడు నిమిషాలు ఆగడం. నువ్వు ఈ వంటకి ఎలాగూ 90 దాటిస్తావు. పచ్చి మాంసం కోసిన పీట, కత్తి వెంటనే కడుక్కో.

విజిల్స్ లెక్క వద్దు, కుక్కర్‌కో రకంగా ఉంటుంది. మొదటి విజిల్ వచ్చాక సిమ్‌లో పెట్టి 35-40 నిమిషాలు, ఆవిరి దానంతట అది పోవాలి. నడుం ముక్క మాత్రం తీసుకోకు, కొవ్వు ఉండదు, ఉడికేసరికి చెక్కపొట్టు నమిలినట్టుంటుంది.

టెక్సస్_తమ్ముడు
సరే, ఎర్రబడాలన్న పాయింటు దగ్గర మేష్టారి వాదన నిలబడింది. ఫోర్కుల దగ్గర మాత్రం తగ్గను. పీచుగా విడదీసి పైసెగ కింద పెడితే అంచులు ఎక్కువ, కరకర ఎక్కువ. ముక్కగా ఉంచితే పైన మాత్రమే కదా?

మూకుడు_మేష్టారు
అంచులు ఎక్కువే, ఆరిపోవడమూ ఎక్కువే. పది నిమిషాలు పోతే కొబ్బరి పీచు. ముక్కగా ఎర్రబరిచి, టోర్టియా వేడెక్కుతుండగా అప్పటికప్పుడు నరికితే ఒక్క కబళంలో కరకర, మెత్తన రెండూ తగులుతాయి. అసలు తోలు సంగతి ఎవరూ ఎత్తలేదేం? తోలు లేని కార్నితాస్ గురించి ఇంత పొడుగు చర్చా?

నెల్లూరు_వంటిల్లు
తోలుతో ఉన్న భుజం సూపర్‌మార్కెట్లో దొరకడం కష్టం మేష్టారూ.

శాన్ఆంటోనియో_పాతకాపు
మెక్సికన్ మాంసం కొట్టులో దొరుకుతుంది. శుక్రవారమే చెప్పి పెట్టుకోండి, వారాంతంలో తోలు అందరికంటే ముందు అయిపోతుంది.