మార్టింగేల్‌ని తెలుగులో ఏమనాలి?

ప్రశ్న:

పీజీ గణితం చదివే పిల్లల కోసం సంభావ్యత మీద తెలుగులో నోట్సు రాస్తున్నాను. సంభావ్యత, యాదృచ్ఛిక చలరాశి, విభాజనం లాంటి మాటలు ఇంటర్ పుస్తకాల నుంచే అందరికీ అలవాటు కాబట్టి అంతవరకు ఇబ్బంది రాలేదు. 'మార్టింగేల్' (ఇప్పటిదాకా తెలిసినదాన్ని బట్టి లెక్కకట్టిన రేపటి సగటు ఇవాళ్టి విలువకు సమానంగా ఉండే యాదృచ్ఛిక వరస) దగ్గరికి వచ్చాక మాత్రం కలం కదలడం లేదు. నిఘంటువు చూస్తే గుర్రానికి కట్టే పట్టీ అంటుంది. ఒక మిత్రుడు 'సమన్యాయ క్రీడ' అనమంటున్నారు. ఇంకొకరు 'అక్షహృదయం' అంటున్నారు. పెద్దలు ఏమంటారు?

జవాబు:

నమస్కారమండీ. అనువదించకుండా మార్టింగేల్ అనే ఉంచమని నా మాట. ఎందుకో చెప్పాలంటే ఆ మాట నడిచి వచ్చిన దారి చెప్పాలి.

ఫ్రాన్సు దక్షిణాన, మార్సెయ్‌కి దగ్గర్లో మార్టీగ్ అనే ఊరుంది. ఆ ఊరివాళ్ళు వట్టి అమాయకులని చుట్టుపక్కలవాళ్ళు అనుకునేవారట. అక్కడి ప్రొవెన్సాల్ భాషలో 'మార్టీగ్ వాళ్ళలాగా ఆడడం' అంటే అర్థంపర్థం లేకుండా ఆడడం. జూదగాళ్ళ మార్టింగేల్ ఇందులోంచే వచ్చిందని ఎక్కువమంది చెప్పే వ్యుత్పత్తి. గుర్రం తల పైకి ఎగరెయ్యకుండా కట్టే పట్టీకీ, ఓడ ముందు కొయ్యను కిందికి బిగబట్టే తాడుకీ కూడా ఇదే పేరు. మీ నిఘంటువు చెప్పింది ఆ పట్టీ సంగతే. 1762 నాటి ఫ్రెంచి అకాడమీ నిఘంటువుకి వచ్చేసరికి, పోగొట్టుకున్నదంతా మళ్ళీ ఒడ్డి ఆడడం అనే అర్థం అచ్చులోకి ఎక్కింది.

ఆ పద్ధతి మన తిరనాళ్ళ జూదంలోనూ ఉన్నదే. 10 రూపాయలు ఒడ్డు. పోతే 20, అదీ పోతే 40, ఇలా గెలిచేదాకా రెట్టింపు చేస్తూ పో. ఎప్పుడు గెలిచినా మొత్తం మీద 10 రూపాయల లాభం. బొమ్మాబొరుసూ సమంగా పడే నాణెమే అనుకుందాం. జేబులో 10,230 రూపాయలుంటే వరసగా పది ఓటములకు సరిపోతాయి. పదిసార్లూ ఓడే అవకాశం 1,024లో 1. మిగతా 1,023 వంతుల్లో 10 రూపాయలు వస్తాయి, ఆ ఒక్క వంతులో 10,230 రూపాయలూ పోతాయి. 1,023ని పదితో గుణించి చూడండి, 10,230. రాబడీ పోబడీ సరిగ్గా సమానం! ఎంత తెలివిగా పందెం మార్చినా సగటు లాభం సున్నా దగ్గరే ఉంటుంది.

1939లో ఫ్రెంచి గణితవేత్త జాన్ వీల్ తన సిద్ధాంతగ్రంథంలో ఈ జూదపు మాటను గణితంలోకి తెచ్చాడు. జూదగాడి చేతిలోని సొమ్ము ఆట ఆటకీ ఎలా మారుతుందో చెప్పే వరసకు ఆ పేరు పెట్టాడు. ఇంకో ఫ్రెంచి గణితవేత్త పాల్ లెవీ అంతకుముందే అలాంటి వరసలతో పనిచేశాడు కానీ వాటికి పేరంటూ పెట్టలేదు. వీల్ పుస్తకాన్ని సమీక్షించిన అమెరికన్ గణితవేత్త జోసెఫ్ డూబ్ ఆ పేరును పట్టుకున్నాడు. 1953లో వచ్చిన ఆయన 'స్టోకాస్టిక్ ప్రాసెసెస్'తో అది ప్రపంచమంతా స్థిరపడింది.

ఇప్పుడు 'సమన్యాయ క్రీడ' సంగతి. మార్టింగేల్ ఆటలకే పరిమితం కాదు కదండీ. ఒక కుండలో ఒక ఎర్ర బంతి, ఒక నల్ల బంతి ఉన్నాయి. చూడకుండా ఒకటి తీసి, అదే రంగుది ఇంకొకటి కలిపి రెండూ లోపల వేస్తాం. ఇలా చేస్తూ పోతే కుండలో ఎర్రబంతుల వాటా మార్టింగేల్ అవుతుంది. ఇందులో ఆడేవాడు లేడు, న్యాయం ప్రసక్తీ లేదు. 'క్రీడ' అనే పేరు పెడితే పిల్లలు ప్రతిచోటా ఆటగాడి కోసం వెతుకుతారు.

మరొకరు:

అక్షహృదయం సూచించింది నేనే. భారతం అరణ్యపర్వంలో ఋతుపర్ణుడు తాండ్రచెట్టు ఆకులూ కాయలూ క్షణంలో లెక్క చెబుతాడు. పాచికల గుట్టు తెలిపే ఆ విద్య పేరే అక్షహృదయం. దాన్నే నలుడికి ఇస్తాడు. దానితో నలుడు పుష్కరుడి మీద మళ్ళీ జూదమాడి రాజ్యం గెలుచుకుంటాడు. పాచికల విద్యనూ గణాంకాలనూ ఒకే చోట ముడివేసిన కథ మన నన్నయ్య గారి తెలుగులోనే ఉండగా ఫ్రాన్సు ఊరి పేరు మనకెందుకు?

జవాబు:

మాస్టారూ, కథ మీద మీకున్న ప్రేమ నాకూ ఉంది. చూసీ చూడగానే చెట్టు లెక్క చెప్పడం గణాంకాలవాళ్ళు గర్వంగా చెప్పుకోదగ్గ ఘట్టం. గణాంకశాస్త్రం పుస్తకానికి ఆ పేరు పెడితే నేను మొదట సంతోషిస్తాను. కానీ అక్షహృదయం తెలిసినవాడు గెలుస్తాడు, ఆ విద్య ఫలం అదే. మార్టింగేల్ సిద్ధాంతం చెప్పేది దానికి పూర్తిగా ఎదురు. జరిగిన ఆటలన్నీ పూస గుచ్చినట్టు గుర్తున్నా సరే, రాబోయే ఆటలో సగటున నీకు ఒరిగేదేమీ లేదంటుంది. నలుడు నేర్చిన విద్య పేరును, ఆ విద్య పనిచేయని చోటికి పెట్టడం నాకు నచ్చలేదు.

భారతం నుంచి తీసుకోవలసిన మాటలు వేరే ఉన్నాయి. పణం, ఒడ్డడం, పందెం, ఓటమి. ధర్మరాజు పోగొట్టుకున్నకొద్దీ ఇంకా పెద్దది ఒడ్డాడని చెప్పి రెట్టింపు పందెం పాఠం మొదలుపెట్టండి, పిల్లలు వెంటనే అందుకుంటారు.

ప్రశ్న అడిగినవారు:

సరేనండీ, మార్టింగేల్ అనే ఉంచుతాను. మరి మిగతా మాటలు? 'ఫిల్ట్రేషన్'కి వడపోత అని రాశాను. 'స్టాపింగ్ టైమ్', 'సూపర్‌మార్టింగేల్' ఇంకా మిగిలాయి. ఏ పుస్తకాలు దగ్గర పెట్టుకోవాలో కూడా చెప్పండి.

జవాబు:

వడపోత మాత్రం దయచేసి తీసేయండి. వడపోతలో కొంత పోతుంది, కొంత మిగులుతుంది. ఇక్కడ ఏదీ పోదు. ఇవాళ తెలిసినది రేపూ తెలిసే ఉంటుంది, దానికి కొత్తది కలుస్తుంది. నేను పాఠం చెప్పేటప్పుడు 'పెరిగే తెలివిడి' అంటాను. తెలివిడి మంచి తెలుగు మాట, వాడుక తగ్గిపోయింది. మార్టింగేల్ నిర్వచనం కూడా దానితో సులువుగా చెప్పవచ్చు: ఇప్పటిదాకా ఉన్న తెలివిడితో లెక్కకట్టిన రేపటి సగటు, ఇవాళ్టి విలువకు సమానం. ఆ 'తెలివిడితో లెక్కకట్టిన సగటు' అనేదే అసలు కష్టమైన భావన. దానికి గట్టి పునాది వేసింది 1933లో రష్యన్ గణితవేత్త కోల్మగోరవ్. మీ నోట్సులో మార్టింగేల్ అనే పేరుకన్నా దీనికే ఎక్కువ పేజీలు ఇవ్వండి. అది అర్థమైతే తక్కినదంతా నడుస్తుంది.

స్టాపింగ్ టైమ్‌ని 'ఆగే వేళ' అనండి. అప్పటివరకు ఉన్న తెలివిడి చూసి మాత్రమే ఆగాలో వద్దో తేల్చుకోవాలన్నది షరతు. 'ఓడే ముందు ఆట దగ్గర ఆగుతాను' అంటే కుదరదు, ఏది ఓడే ఆటో ముందు తెలియదు కాబట్టి. ఆగే వేళకు పైహద్దు ఉంటే, ఎప్పుడు ఆగినా సగటు మారదని డూబ్ సిద్ధాంతం. హద్దు లేకుండా, అంతులేని డబ్బుతో, అంతులేని అప్పుతో రెట్టింపు చేస్తూ పోతే సిద్ధాంతం షరతులు చెదిరిపోతాయి. ఈ మినహాయింపును తప్పకుండా రాయండి, పిల్లలు తికమకపడేది ఇక్కడే.

సూపర్‌మార్టింగేల్ పేరు చాలామందిని తప్పుదారి పట్టిస్తుంది. సూపర్ అన్నా అది సగటున తగ్గుతూ పోయే వరస, ఆటగాడికి నష్టం. సూపర్‌హార్మోనిక్ ఫంక్షన్లతో (ఏ బిందువు దగ్గరైనా విలువ చుట్టుపక్కల సగటుకన్నా తక్కువ కాని ఫంక్షన్లు) ఉన్న బంధుత్వం వల్ల ఆ పేరు వచ్చింది. 1953 పుస్తకంలో డూబ్ ఆ పేరు వాడలేదు. ఆ రోజుల్లో వాళ్ళింట్లో పిల్లలు రోజూ సాయంత్రం రేడియోలో సూపర్‌మాన్ పెట్టేవారట, అందువల్ల ఆ మాట తనకు రుచించలేదని తర్వాత రాశాడు. మీరు పేరు అలాగే ఉంచి, మొదటిసారి వచ్చినప్పుడు 'సగటున తగ్గేది' అని పక్కన రాస్తే చాలు.

పేర్ల విషయంలో ఇంగ్లీషులో రాసినవాళ్ళూ తలపట్టుకున్నవాళ్ళే. మనం యాదృచ్ఛిక చలరాశి అంటున్నదాన్ని డూబ్ 'ఛాన్స్ వేరియబుల్' అనేవాడు, ఆయనలాగే సంభావ్యత మీద పుస్తకం రాస్తున్న విలియం ఫెల్లర్ 'ర్యాండమ్ వేరియబుల్' అనేవాడు. ఇద్దరి పుస్తకాల్లో ఒకే మాట ఉండాలని చివరికి బొమ్మాబొరుసూ వేసుకున్నారు, ఫెల్లర్ గెలిచాడు. సంభావ్యతవాళ్ళకు తగిన తీర్పు అది!

పుస్తకాలంటే, మొదట డేవిడ్ విలియమ్స్ 'ప్రాబబిలిటీ విత్ మార్టింగేల్స్', 1991. చిన్న పుస్తకం, మనిషి ఎదురుగా కూర్చుని మాట్లాడుతున్నట్టు ఉంటుంది. డూబ్ పుస్తకం మీరు చూసుకోవడానికి, పిల్లలకు మొదటే ఇస్తే బెదురుతారు. తర్వాత చెన్నైలో పుట్టి 2007లో ఏబెల్ బహుమతి అందుకున్న వరదన్ గారి 'ప్రాబబిలిటీ థియరీ' పాఠాలు, 2001. క్లుప్తంగా ఉంటాయి, లైను లైనుకీ కాగితం మీద లెక్క చేసుకుంటూ చదవాలి.

మనవాళ్ళ సంగతి మరిచిపోకండి. కడప జిల్లా పోరుమామిళ్ళలో పుట్టిన బి.ఎల్.ఎస్. ప్రకాశరావు గారి 2012 నాటి పుస్తకం పేరులోనే 'డెమిమార్టింగేల్స్' ఉంది. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం ఎం.ఏ. చేసిన సి.ఆర్. రావు గారి 1945 నాటి ఫలితం, రావు–బ్లాక్‌వెల్ సిద్ధాంతం, పైన చెప్పిన 'తెలివిడితో లెక్కకట్టిన సగటు' మీదే నిలబడింది. ముతక అంచనాను తీసుకుని, నమూనాలోని అవసరమైన సమాచారమంతా ఇముడ్చుకున్న రాశి తెలిసినప్పటి సగటుగా మారిస్తే దాని విస్తృతి పెరగదు. ఆ పాఠానికి మంచి ఉదాహరణ అవుతుంది.

చివరగా ఒక వ్యాకరణం సంగతి. రైలు, జైలు లాగే దీన్నీ ఉకారాంతం చేసి 'మార్టింగేలు' అని రాయండి. బహువచనం మార్టింగేళ్ళు. 'మార్టింగేల్స్‌లు' అని మాత్రం రాయకండి, ఈమధ్య అలాంటివి ఎక్కువ కనిపిస్తున్నాయి.