లీడ్స్‌కి కొత్త: ఎత్తు ఎక్కేటప్పుడు పికప్ పోతోంది, టర్బో మార్చాలంటున్నారు

లీడ్స్, కొత్త సభ్యుడు:

అన్నలకూ అక్కలకూ నమస్కారం. ఇక్కడికి ఈ మధ్యే వచ్చాను. ఇల్లు లీడ్స్‌లో, ఆఫీసు మాంచెస్టర్‌లో. డీలర్ దగ్గర ఒక పాత డీజిల్ బండి కొన్నాను, 2.0 లీటర్, 2014 మోడల్. కొని ఇంకా నెల కాలేదు. ఎం62 మోటార్‌వే మీద పెన్నైన్స్ కొండల ఎత్తు ఎక్కుతుంటే ఉన్నట్టుండి పికప్ పోయింది. ఇంజిన్ లైట్ వెలిగింది, ఎంత తొక్కినా 3,000 ఆర్‌పీఎం దాటలేదు. జంక్షన్ 22 దగ్గర దిగి ఇంజిన్ ఆపి మళ్లీ స్టార్ట్ చేస్తే మామూలైపోయింది, లైట్ మాత్రం అలాగే ఉంది. తర్వాత కూడా అదే ఎత్తు మీద అదే వరస. చదును రోడ్డు మీద ఏమీ లేదు. ఇంటి దగ్గర మెకానిక్ కోడ్లు చదివి పి0299, పి0236 అన్నాడు. టర్బో పోయింది, మొత్తం మార్చాలి, 1,400 పౌండ్లు అన్నాడు. నిజంగా టర్బోనేనా? సెన్సర్ ఒక్కటి మారిస్తే సరిపోతుందా?

కొవెంట్రీ నుంచి:

తమ్ముడూ, ఆ 1,400 పౌండ్లు ఇప్పుడే ఎవరి చేతిలోనూ పెట్టకు. పి0299 అంటే కంప్యూటర్ అడిగినంత బూస్ట్ (టర్బో ఇంజిన్‌లోకి నొక్కి పంపే గాలి ఒత్తిడి) రాలేదని అర్థం. ఎందుకు రాలేదో అది చెప్పదు. ఇంటర్‌కూలర్ (టర్బో పంపే గాలిని చల్లబరిచేది) పైపు చీలినా, క్లిప్పు వదులైనా, టర్బోని నడిపే సన్న వాక్యూమ్ గొట్టం పగిలినా, టర్బో లోపల వేన్లు (రెక్కలు) మసి పట్టి బిగుసుకున్నా, డీపీఎఫ్ (పొగలో మసిని పట్టే ఫిల్టర్) పూడిపోయినా, సెన్సర్ తక్కువ చూపించినా వచ్చేది అదే కోడ్. ఇన్ని కారణాల్లో టర్బో ఒక్కదాన్నే పట్టుకుని మార్చెయ్యమనడం పరీక్ష కాదు.

నీ రెండో కోడ్ చూడు, పి0236. అసలు సమాచారం అక్కడుంది. బూస్ట్ సెన్సర్ చెప్పే లెక్క నమ్మేలా లేదని కంప్యూటర్ అంటోంది. వైరు తెగో షార్ట్ అయో సిగ్నల్ పూర్తిగా కిందికి పడిపోతే పి0237 వస్తుంది, పూర్తిగా పైకి పోతే పి0238. ఆ రెండూ రాలేదంటే సెన్సర్ ఏదో ఒకటి చెబుతూనే ఉంది, ఆ చెప్పేదే తేడాగా ఉంది.

20 పౌండ్ల లోపు బ్లూటూత్ ఓబీడీ రీడర్ (బండి కంప్యూటర్‌లోని కోడ్లూ అంకెలూ చదివే పరికరం) దొరుకుతుంది, ఒకటి తెప్పించుకో. ఇంజిన్ స్టార్ట్ చేయకుండా ఇగ్నిషన్ మాత్రం ఆన్ చేసి, లైవ్ డేటాలో మ్యానిఫోల్డ్ ప్రెషర్ (బూస్ట్ సెన్సర్ చెప్పేది), బారోమెట్రిక్ ప్రెషర్ (బయటి గాలి ఒత్తిడి) పక్కపక్కన పెట్టి చూడు. ఇంజిన్ తిరగనప్పుడు పైపు లోపలా బయటా ఉండేది ఒకే గాలి. కాబట్టి రెండు అంకెలూ దాదాపు ఒకటే ఉండాలి. సముద్రమట్టంలో సగటున 101 కిలోపాస్కల్, లీడ్స్‌లో దానికి కాస్త తక్కువ, వాతావరణాన్ని బట్టి కొంచెం అటూ ఇటూ. రెండూ ఒకటే అయితే ముందు పైపులు వెతుకు, సెన్సర్ సంగతి తర్వాత. రెండిటికీ గట్టి తేడా ఉంటే పైపుల జోలికి పోకు, సెన్సర్‌నీ దాని వైరింగ్‌నీ పట్టుకో. పైపు ఎంత చీలినా ఆగి ఉన్న ఇంజిన్‌లో రీడింగ్‌ని మార్చలేదు కదా!

ఇంకో సంగతి. మామూలు ఓబీడీలో మ్యానిఫోల్డ్ ప్రెషర్ ఒక్క బైటు అంకె, 255 దగ్గర ఆగిపోతుంది. గట్టిగా తొక్కినప్పుడు అక్కడే నిలిచిపోతే సెన్సర్ ఇరుక్కుపోయిందని కంగారు పడకు.

కోడ్లు మాత్రం చెరపవద్దు. తప్పు దొరికిన క్షణంలో ఆర్‌పీఎం ఎంత, లోడ్ ఎంత, కూలెంట్ వేడి ఎంత అన్నది ఫ్రీజ్ ఫ్రేమ్‌లో ఉంటుంది. కోడ్ చెరిపితే అదీ పోతుంది.

లెస్టర్ నుంచి:

కొవెంట్రీ అన్న చెప్పింది బాగుంది గానీ, తమ్ముడు అడగాల్సిన ప్రశ్న వేరే ఉంది. డీలర్ దగ్గర కొన్నావు, నెల కాలేదు. అలాంటప్పుడు రీడర్ కంటే ముందు క్యాలెండర్ చూడు. 2015 కన్స్యూమర్ రైట్స్ చట్టం ప్రకారం, అమ్మిన వస్తువులో లోపం ఉంటే 30 రోజుల లోపు బండి తిరిగి ఇచ్చేసి డబ్బంతా వెనక్కి అడగొచ్చు. ఆ తర్వాతైతే డీలర్‌కి రిపేరు చేయడానికి ఒక అవకాశం ఇవ్వాలి. అది కుదరకపోతేనే మళ్లీ తిరిగి ఇచ్చే హక్కు వస్తుంది, అప్పుడు వాడుకున్నందుకు కొంత కోసుకుంటారు.

ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానంటే, నాకూ టర్బో డీజిల్‌తోనే జరిగింది. లైట్ వెలిగిన రోజే డీలర్‌కి ఫోన్ చేశాను. మర్యాదగా మాట్లాడాడు. మా మెకానిక్ సెలవులో ఉన్నాడు, వచ్చే వారం తీసుకురండి అన్నాడు. వచ్చే వారం చేస్తే పార్ట్ ఆర్డర్ పెట్టాం అన్నాడు. ఆ పై వారం ర్యాంప్ ఖాళీ లేదు అన్నాడు. అంతా ఫోన్లోనే, ఒక్క ముక్క రాతలో లేదు. గడువు దాటిన మరుసటి వారమే గొంతు మారిపోయింది. ఇక రిఫండ్ కుదరదు, రిపేరు మాత్రమే అన్నాడు. బండి తీసుకుని, కోడ్ చెరిపేసి, బాగైందని తెచ్చి ఇచ్చాడు. మోటార్‌వే ఎక్కిన వెంటనే లైట్ మళ్లీ వెలిగింది. అడిగితే, కొన్నప్పుడు బాగానే ఉంది, మీరు నడిపే తీరు వల్ల పోయింది, కాదంటే ఇండిపెండెంట్ రిపోర్టు తెచ్చుకోండి అన్నాడు. చట్టం చెప్పేది సరిగ్గా దానికి తలకిందులు. ఆరు నెలల లోపు బయటపడిన లోపం కొన్నప్పుడే ఉన్నట్టు లెక్క. కాదని రుజువు చేయాల్సింది అమ్మినవాడు. రసీదు మీద 'ఉన్నది ఉన్నట్టుగా అమ్మాం' అని ముద్ర కూడా చూపించాడు. డీలర్ నుంచి మామూలు కొనుగోలుదారుడు కొన్నప్పుడు ఆ ముద్రతో చట్టం ఇచ్చిన హక్కులు పోవు. సిటిజెన్స్ అడ్వైస్ (ఉచితంగా సలహా ఇచ్చే సంస్థ) వాళ్లు ఉత్తరం ఎలా రాయాలో చెప్పారు. కోర్టుకి వెళ్తానని ముందస్తు ఉత్తరం పంపి, ఆన్‌లైన్‌లో మనీ క్లెయిమ్ వేశాను. ఇంగ్లండ్‌లో 10,000 పౌండ్ల దాకా స్మాల్ క్లెయిమ్ కిందికి వస్తుంది. విచారణ తేదీ రాకముందే డబ్బు కట్టాడు, వాడుక కింద కొంత కోసుకుని. మొదట్లోనే ఒక్క ఈమెయిల్ వాడి చేతిలో ఉంటే ఆ నెలలన్నీ అంత తిప్పలు ఉండేవి కావు.

కాబట్టి ఈ రాత్రే ఈమెయిల్ పెట్టు. లోపం ఏమిటి, ఏ తేదీన వచ్చింది, కోడ్లు ఏవి, చట్టం కింద నీ హక్కులు వదులుకోవడం లేదు అని రాయి. ఫోన్ చేస్తే చెయ్యి, కానీ మాట్లాడింది వెంటనే ఈమెయిల్‌లో తిరిగి రాయి.

స్లౌ నుంచి:

ఇంత గొడవ ఎందుకు బాబూ. పాత డీజిల్‌కి ఇవన్నీ మామూలే. మసంతా ఈజీఆర్ (పొగలో కొంత మళ్లీ ఇంజిన్‌లోకి పంపే వాల్వ్) నుంచే వస్తుంది, దాన్ని మూసేసి రీమ్యాప్ చేయించు, అంటే ఇంజిన్ సాఫ్ట్‌వేర్ మార్పించు. డీపీఎఫ్ కూడా తీసేస్తే పికప్ ఇంకా బాగుంటుంది. ఆరెంజ్ లైట్‌కి ఎంఓటీ (ఏటా జరిగే బండి తనిఖీ) ఏమీ ఆగదు, ఎరుపుకే ఆగుతుంది.

ఎడిన్‌బరా నుంచి:

స్లౌ గారూ, కొత్తగా వచ్చిన పిల్లవాడికి ఈ సలహా ఇవ్వకండి. 2018 మే నుంచి ఇంజిన్ లైట్ వెలుగుతుంటే ఎంఓటీలో అది మేజర్ లోపం, బండి ఫెయిల్. రంగు ఆరెంజే. మొదట ఉన్న డీపీఎఫ్ కనిపించకపోతే ఫెయిల్ అన్నది 2014 ఫిబ్రవరి నుంచే ఉంది. రీమ్యాప్ చేయిస్తే ఇన్సూరెన్స్‌కి చెప్పి తీరాలి. చెప్పకపోతే ప్రమాదం జరిగిన రోజున పాలసీ పనికిరాకుండా పోవచ్చు. పైగా డీలర్ మీద క్లెయిమ్ నడిచే బండిని మార్పులు చేస్తే వాదన అక్కడితో ముగిసినట్టే.

స్లౌ నుంచి:

ఎంఓటీలో కంప్యూటర్ పెట్టి చూడరు కదండీ, నాకు తెలిసినవాళ్లు చాలామంది అలాగే తిరుగుతున్నారు.

ఎడిన్‌బరా నుంచి:

కంప్యూటర్ పెట్టరు, నిజమే. టెస్టర్ కళ్లతో లైట్ చూస్తాడు, కారుకింద డీపీఎఫ్ చూస్తాడు, డీజిల్‌కి పొగ కొలుస్తాడు. అది చాలు. తమ్ముడూ, బండి నంబరు పెడితే పాత ఎంఓటీ ఫలితాలన్నీ ప్రభుత్వ వెబ్‌సైట్‌లో ఉచితంగా కనిపిస్తాయి. ఇంతకుముందు ఇంజిన్ లైట్‌కి ఫెయిల్ అయిన చరిత్ర ఉంటే ప్రింట్ తీసి పెట్టుకో.

రెడింగ్ నుంచి:

తమ్ముడూ, ధరలో కొంతైనా క్రెడిట్ కార్డుతో కట్టావా? బండి ధర 100 పౌండ్లకు పైన, 30,000 లోపు ఉంటే 1974 కన్స్యూమర్ క్రెడిట్ చట్టం సెక్షన్ 75 కింద కార్డు కంపెనీకి కూడా డీలర్‌తో సమానంగా బాధ్యత ఉంటుంది. డిపాజిట్ మాత్రమే కార్డుతో కట్టినా మొత్తానికి వర్తిస్తుంది. డెబిట్ కార్డుకి ఇది లేదు.

నువ్వు అడగలేదు గానీ, మన లైసెన్సుతోనే నడుపుతుంటే అది 12 నెలలే చెల్లుతుంది. ఇక్కడి లైసెన్సుకి మార్చి ఇవ్వరు. ప్రొవిజనల్ (లెర్నర్ లైసెన్సు) తీసుకుని థియరీ, ప్రాక్టికల్ రెండూ రాయాలి. టెస్ట్ తేదీలు దొరకడం కష్టం, ఇప్పుడే మొదలుపెట్టు.

స్లౌ నుంచి:

ఆ ఏడాది ఇన్సూరెన్స్ తీసుకున్న రోజు నుంచి లెక్క అక్కా.

రెడింగ్ నుంచి:

కాదండీ. ఇక్కడ నివాసం మొదలైన రోజు నుంచి. ఇన్సూరెన్స్‌తో సంబంధం లేదు.

బ్రిస్టల్ నుంచి:

లైసెన్సు గొడవ పక్కన పెట్టి బండి సంగతికి వద్దాం. ఆ బూస్ట్ సెన్సర్ సాధారణంగా ఇంటర్‌కూలర్ పైపు మీదో ఇన్‌టేక్ మ్యానిఫోల్డ్ మీదో ఒకటి రెండు స్క్రూలతో ఉంటుంది. విప్పి చూస్తే మొన మీద నూనె కలిసిన మసి ముద్దలా కనిపిస్తుంది. కాంటాక్ట్ క్లీనర్ కొట్టి ఆరనిచ్చి బిగిస్తే చాలాసార్లు బాగైపోతుంది. బ్రేక్ క్లీనర్ వద్దు, లోపల పూత కరుగుతుంది. సూదితో గెలకడం అసలే వద్దు.

లెస్టర్ నుంచి:

ఇప్పుడు ఏదీ విప్పొద్దు! విప్పినట్టు తెలిస్తే నువ్వే పాడుచేశావు అంటాడు డీలర్.

బ్రిస్టల్ నుంచి:

శుభ్రం చేస్తే పాడుచేయడం ఎలా అవుతుంది? మీరు ప్రతిదీ కోర్టు దాకా తీసుకెళ్తారు.

లెస్టర్ నుంచి:

తీసుకెళ్లాను కాబట్టే చెబుతున్నాను. స్పానర్ పట్టుకున్నది ఎవరన్నదే అక్కడ మొదటి ప్రశ్న.

లీడ్స్, కొత్త సభ్యుడు:

అందరికీ చాలా కృతజ్ఞతలు. డీలర్‌కి ఈమెయిల్ పెట్టాను. డిపాజిట్ క్రెడిట్ కార్డుతోనే కట్టాను. ఏదీ విప్పలేదు. రీడర్ వచ్చింది, ఇగ్నిషన్ ఆన్ చేసి ఇంజిన్ ఆపి ఉంచి చూశాను: బారోమెట్రిక్ 99, మ్యానిఫోల్డ్ 84. చల్లగా ఉన్నప్పుడూ, వేడెక్కాక ఆపి చూసినప్పుడూ అంతే. స్క్రీన్ ఫొటోలు తీశాను.

కొవెంట్రీ నుంచి:

సరిగ్గా చేశావు. 15 తక్కువ చూపిస్తోంది, ఇది టర్బో చేసే పని కాదు. ఇప్పుడు నీ ఎత్తు కథ కూడా కుదిరింది. సెన్సర్ తక్కువ చెబుతుంటే బూస్ట్ చాలడం లేదనుకుని కంప్యూటర్ టర్బోని ఇంకా తోస్తుంది. చదును రోడ్డు మీద అడిగేదే కొంచెం, కాబట్టి ఎలాగో సర్దుకుంటుంది. పెన్నైన్స్ ఎక్కేటప్పుడు పూర్తి బూస్ట్ అడుగుతుంది. ఎంత తోసినా సెన్సర్ అంకె అక్కడికి చేరదు, పి0299 వేసి బలం తగ్గించేస్తుంది. నిజానికి ఆ క్షణంలో పైపులో ఉన్న ప్రెషర్ అడిగినదానికంటే ఎక్కువే ఉండి ఉండొచ్చు. అందుకే ఇది బాగయ్యేదాకా ఎత్తుల మీద గట్టిగా తొక్కకు.

బ్రిస్టల్ గారూ, మసి పట్టి రంధ్రం మూసుకుంటే సెన్సర్ మందకొడిగా స్పందిస్తుంది. తొక్కిన వెంటనే అంకె పెరగదు, వదిలిన వెంటనే తగ్గదు. ఇంజిన్ ఆగి కాసేపటికి మాత్రం బయటి గాలితో సమానమైపోతుంది. ఇక్కడ ఎంతసేపైనా 84 దగ్గరే ఉంది, అంటే మసి ఒక్కటే కారణం అయి ఉండదు.

అలాగని సెన్సరేనని నేను తేల్చి చెప్పను. దానికి కంప్యూటర్ నుంచి 5 వోల్టులు వెళ్తాయి. దారిలో పిన్ను తుప్పు పట్టి 5 బదులు 4 చిల్లర చేరితే సిగ్నల్ కూడా అదే నిష్పత్తిలో పడుతుంది, కొత్త సెన్సర్ పెట్టినా అంతే చూపిస్తుంది. ఎర్త్ సరిగా లేకపోతే తిరగబడి ఎక్కువ చూపిస్తుంది, నీ విషయంలో అది కాదు. సెన్సర్ మార్చే ముందు సాకెట్ దగ్గర మల్టీమీటర్‌తో 5 వోల్టులు కొలవమని డీలర్ మెకానిక్‌తో చెప్పు. ఆ పని అతన్నే చేయనీ, లెస్టర్ తమ్ముడి మాట ఇక్కడ వినాల్సిందే.

లీడ్స్, కొత్త సభ్యుడు:

డీలర్ జవాబిచ్చాడు. బండి తీసుకురండి, సెన్సర్ మార్చి ఇస్తాం అంటున్నాడు. ఒప్పుకుంటే 30 రోజులు అయిపోతాయేమోనని భయంగా ఉంది.

లెస్టర్ నుంచి:

అయిపోవు. 30 రోజుల లోపు నువ్వు రిపేరుకి ఒప్పుకుంటే, అడిగిన రోజు నుంచి బండి బాగుచేసి నీ చేతికి వచ్చేదాకా గడువు ఆగిపోతుంది. వచ్చాక మిగిలిన రోజులు ఉంటాయి. ఏడు రోజుల కంటే తక్కువ మిగిలితే ఏడు రోజులు ఇవ్వాలి. కాబట్టి ఏ తేదీన ఇచ్చావు, ఏ తేదీన తీసుకున్నావు అన్నవి వాడి చేత ఈమెయిల్‌లో రాయించు. ఏ పార్ట్ మార్చారో ఇన్‌వాయిస్‌లో ఉండాలి. సాఫ్ట్‌వేర్ రీసెట్ అని రాస్తే బండి తీసుకోకముందే అడుగు.

కొవెంట్రీ నుంచి:

తీసుకునేటప్పుడు వాళ్ల ముందే ఇగ్నిషన్ ఆన్ చేసి రెండు అంకెలూ చూడు, ఒకటి రెండు కంటే ఎక్కువ తేడా ఉండకూడదు. తర్వాత ఆ గడువు లోపలే ఎం62 ఎత్తు ఎక్కి చూడు. పి0236 పోయి పి0299 ఒక్కటే మళ్లీ వస్తే సెన్సర్ బాగైనట్టు, లీకు వేరే ఉన్నట్టు. అప్పుడు పైపుల్లోకి పొగ పంపి పరీక్ష చేయమను.