అప్‌డేట్: నాన్నకి యాంజియోగ్రామ్ అయింది, ఒక్క స్టెంటే వేశారు

సీటీ యాంజియోలో (గుండె రక్తనాళాలు చూసే స్కాన్) నాన్నకి రెండు చోట్ల 70 శాతం బ్లాక్ అని వచ్చింది, రెండింటికీ స్టెంట్లు తప్పవా అని అడిగాను కదా. జవాబిచ్చిన అందరికీ థాంక్స్. తప్పాయి, సగం.

క్యాథెటర్ (సన్నటి గొట్టం) మణికట్టు దగ్గరి ధమనిలోంచి పంపారు. అక్కడికి మాత్రమే మొద్దుబారే ఇంజెక్షన్. నాన్న మెలకువగానే ఉండి స్క్రీన్ మీద తన గుండెను తనే చూసుకున్నారట. టెన్షనంతా బయట కూర్చున్న మాకే!

అసలు సంగతి ప్రెషర్ వైర్‌తో తేలింది. సన్నటి తీగను బ్లాక్ దాటించి, రక్తప్రవాహం పెంచే మందు ఇచ్చి, బ్లాక్‌కి ముందూ తర్వాతా పీడనం ఎంతుందో చూశారు. తర్వాతి పీడనాన్ని ముందు పీడనంతో భాగిస్తే వచ్చేదే ఎఫ్ఎఫ్ఆర్. 0.80 లేదా అంతకన్నా తక్కువైతే ఆ ఇరుకు నిజంగానే రక్తాన్ని అడ్డుకుంటున్నట్టు. ఎల్ఏడీలో (గుండె ముందు భాగానికి రక్తం ఇచ్చే ధమని) 0.74 వచ్చింది, కుడి ధమనిలో 0.88. కుడివైపు ముట్టుకోలేదు, మందులే. కాల్షియం బాగా పేరుకున్న చోట సీటీలో ఇరుకు ఉన్నదానికంటే ఎక్కువగా కనబడుతుందని డాక్టర్ చెప్పారు.

ఎల్ఏడీలో మందు పూత స్టెంట్ వేశాక లోపలికి చిన్న అల్ట్రాసౌండ్ ప్రోబ్ పంపి చూశారు. ఎక్స్‌రేలో అంతా బాగానే ఉంది కానీ, ఇందులో ఒక చివర స్టెంట్ పూర్తిగా విచ్చుకోలేదని తెలిసింది. బెలూన్‌తో మళ్లీ గట్టిగా ఉబ్బించారు. అప్పుడు కాస్త ఛాతీ నొప్పి, బెలూన్ తగ్గించగానే పోయింది.

ఇప్పుడు ఆస్పిరిన్, క్లోపిడోగ్రెల్ (రెండూ రక్తం గడ్డకట్టకుండా), స్టాటిన్ (కొలెస్ట్రాల్‌కి) వాడుతున్నారు. పళ్ల డాక్టర్ చెప్పినా సరే, తమను అడగకుండా మొదటి రెండూ ఆపొద్దని గుండె డాక్టర్లు అన్నారు.